మళ్ళేసే రాయి

జీపు దిగి నాలుగడుగులు వేసిందో లేదో, హొన్నూరమ్మ కాళ్ళ ముందు రాయి పడింది.

కోడిగుడ్డంత పలుగురాయి. బూటు కొనకు జానెడు దూరంలో ఎర్రమట్టిని చిమ్మి, పక్కకు దొర్లి ఆగింది. తగలాలని వేసిన రాయి కాదది. తగలాలనుకుంటే ఎర్రిస్వామి గురి తప్పడు. గుట్ట మీది మంద చుట్టూ పేర్చిన రాళ్ళగోడపై నిలబడి, ఆయన వడిసెల తాళ్ళు రెండూ మడిచి మళ్ళీ భుజాన వేసుకున్నాడు. కూతురి వంక ఒక్కసారి చూసి, ముఖం పక్కకు తిప్పుకున్నాడు.

గొర్రెల కాపరికి వడిసెల రెండో నోరు లాంటిది. దారి తప్పి పోయే గొర్రె ముందు రాయి వేస్తే అది బెదిరి వెనక్కి తిరుగుతుంది. దాన్ని మళ్ళేసే రాయి అంటారు. వెనకబడిన గొర్రె వెనకాల వేస్తే అది మందలోకి ఉరుకుతుంది. దాన్ని తోలే రాయి అంటారు. ఒంటికి తగిలేలా వేసే రాయి నక్కలకూ దొంగలకూ మాత్రమే. హొన్నూరమ్మకు నడక వచ్చిన నాటి నుంచీ తెలిసిన సంగతే ఇది. కాళ్ళ ముందు రాయి పడిందంటే, ఇటు రావద్దు, వచ్చిన దారినే పో అని అర్థం.

జీపు దిగగానే ఆమె "నాయనా!" అని గట్టిగానే పిలిచింది. ఆయన తిరగలేదు. రెండోసారి పిలిచినా తిరగలేదు. కాళ్ళ దగ్గర పడుకున్న కుక్క లేచి, ఆయన పంచెను రాసుకుంటూ మొరిగాక గానీ ఇటు చూడలేదు. ఆమె గొంతంటేనే గిట్టనంత కోపమన్నమాట.

మందలోంచి చెల్లెలు మాళమ్మ బయటికి వచ్చింది. చంకలో గంప. గంప మీద గోనెపట్టా కప్పి ఉంది.

"ఏమ్మే ఇంజనీరమ్మా, సూసేకి వచ్చినావా? సూడు," అని పట్టా ఎత్తింది. లోపల నెలలు నిండకుండానే పడిపోయిన గొర్రెపిల్లలు. బొచ్చు కూడా రాని, కళ్ళు తెరవని పిల్లలు. "మొన్న మీ మిషను కొట్టిన దెబ్బకు ఈచుకపోయినాయి. గుంత తీసి పూడ్సల్ల. పట్టుకుంటావా ఒక పక్క?"

"ఎన్ని?" అంది హొన్నూరమ్మ.

"లెక్క దేనికి? మీ సార్లకు రాసిస్తావా?"

"మాళీ, నేను..."

"నన్నట్ల పిలవాకు. ఆ పిలుపు ఈ గోడకు లోపలుండేవాళ్ళకు."

వెనక నుంచి పక్కింటి గాదిలింగ నవ్వాడు. ఆయన కూడా గొర్రెల కాపరే. మంద గుమ్మానికి ముళ్ళకంప అడ్డం లాగుతూ అన్నాడు: "ఏమ్మా హొన్నూరీ, మా గొర్రెలు ఈడ మేస్తే మీకు అడ్డమంట కదా. వాటినే మీ మిషన్లో కూసోబెట్టి పైకి ఇసిరేయండి. సందమామ మీద గడ్డి ఉంటాదేమో!" అంటూ ఎర్రిస్వామి వైపు చూసి, ఇంకా గట్టిగా, "ఏం ఎర్రిసామీ, నీ పెద్దకూతురు పంపిస్తాదిలే!" అన్నాడు.

ఎర్రిస్వామి నవ్వలేదు, తిట్టలేదు. దూరంగా ఆకాశం వైపు చూస్తూ ఊరుకున్నాడు. ఒకప్పుడు గాదిలింగ ఒక మాటంటే తిరిగి పది మాటలనే మనిషి.

వెళ్ళిపోబోతూ హొన్నూరమ్మ మంద వైపు చూసింది. ముందు నడిచే గంటపొట్టేలు గోడ వారగా వస్తోంది. మెడలో కంచుగంట ఊగుతోంది. ఊగుతోంది గానీ మోగడం లేదు. లోపలి నాలుక ఊడిపోయి, ఒట్టి డొల్ల మిగిలింది.

ఆమెకు ఆశ్చర్యమైంది. గంట మూగబోతే తెల్లారేలోపు కొత్త నాలుక కట్టే మనిషి ఆయన. చీకట్లోనైనా మబ్బులోనైనా మంద ఎటుందో చెప్పేది ఆ గంటే.

"గంట నాలుక ఊడింది, సూసుకోలేదా?" అంది చెల్లెలితో.

మాళమ్మ ముఖం మారింది. గంప మీద పట్టాను గబగబా కప్పేసింది.

"ఊడితే ఊడనీ. నీకేం పని? పో. ఈసారి రాయి ఇంకా దగ్గరగా పడుతాది."

మనసు విరిగితే మనిషి పని మీద శ్రద్ధ కూడా పోతుందేమో అనుకుంటూ హొన్నూరమ్మ జీపెక్కింది.

*

ఆ యంత్రానికి కాగితాల మీద పొడుగాటి ఇంగ్లీషు పేరుంది. పెద్ద వడిసెల అన్న పేరు పెట్టింది హొన్నూరమ్మే. ఉద్యోగం ఇంటర్వ్యూలో, నిప్పు లేకుండా ఉపగ్రహాన్ని పైకి ఎలా పంపుతావని అడిగితే, సంచిలోంచి తండ్రి అల్లిన వడిసెల తీసి బల్ల మీద పెట్టింది. ప్రాజెక్టు అధిపతి డాక్టర్ సదానంద్ దాన్ని చేతిలోకి తీసుకుని పసివాడిలా మురిసిపోయాడు. వడిసెలను అద్దాల బీరువాలో పెట్టించాడు. ఆమె పేరును మాత్రం నోరు తిరగడం లేదని 'హనీ' చేసేశాడు.

కొండను తొలిచి లోపల గుండ్రటి పెద్ద గది కట్టారు. దానిలోంచి గాలినంతా తోడేస్తారు. గది మధ్యలో ఇరుసు, ఇరుసుకు నారతో అల్లిన పొడుగాటి చెయ్యి. చేతికి ఒక కొసన ఉపగ్రహాన్ని పెట్టుకున్న మొనదేలిన డొల్ల, రెండో కొసన సరిగ్గా అంతే బరువున్న ఉక్కుదిమ్మ. కరెంటు మోటార్లు ఆ చేతిని గంటల తరబడి తిప్పి తిప్పి వేగం ఎక్కిస్తాయి. వేగం అందాక రెండు కొసలనూ ఒకే క్షణాన వదిలేస్తారు. దిమ్మ కొండ అడుగున ఉన్న ఇసుకగుంతలో కూరుకుపోతుంది. డొల్ల ఏటవాలు గొట్టంలోంచి దూసుకెళ్ళి, గొట్టం మూతికి బిగించిన పలచటి పొరను చీల్చుకుని ఆకాశంలోకి పోతుంది. చివర్లో కొంచెం నెట్టడానికి దానికో చిన్న ఇంజను. అంతే. పొగ లేదు, నిప్పు లేదు, టన్నుల కొద్దీ ఇంధనం లేదు.

పొగ లేదు గానీ చప్పుడుంది. పిడుగు నేల మీదే పుట్టి నేల మీదే పగిలినట్టుండే చప్పుడు. గొట్టం మూతి నక్కలవంక వైపుంది. వంకంటే రెండు గుట్టల మధ్య లోతైన వాగు. వానలు లేని కాలంలో గొర్రెలకు పచ్చిక దొరికేది అక్కడే. గొట్టం నుంచి వచ్చే దెబ్బగాలి నేరుగా అందులో దిగి, అటు గుట్టకూ ఇటు గుట్టకూ కొట్టుకుంటుంది.

కొండకు కంచె వేసిన రోజుల్లో, ఇంకా మాటలున్న రోజుల్లో, తండ్రి ఒక మాట అడిగాడు.

"వడిసెల తిప్పేవాడు ముందు కేకెయ్యల్ల. మీరేస్తారా?"

"సైరను ఉంటాది నాయనా. ఊరంతా ఇనపడుతాది."

"సైరను కేకెట్లయితాదే? కేకేసినోడు, ఎదుటోడు తిరిగి కేకేసేదాకా రాయి వదలడు. మీ సైరను ఆగుతాదా, తిరిగి కేక వచ్చేదాకా?"

అప్పుడామె నవ్వేసింది. మొదట్లో ప్రయోగానికి ముందు కాపలావాళ్ళు వంకంతా తిరిగి, మనిషినీ గొర్రెనూ పైకి తోలాకే యంత్రం తిప్పేవారు. ఆ తర్వాత గొర్రెలు ఈచుకపోవడం మొదలైంది. ఊరి గోడలు బీటలు వారాయి. కాపలావాళ్ళు వంకలో దిగితే గుట్ట మీంచి రాళ్ళు రావడం మొదలైంది. ఒకడి నుదురు పగిలింది. కంచె మీది కెమెరాలు కొన్ని పగిలాయి.

మీటింగులో కాపలా అధికారి కేశవరెడ్డి తెగేసి చెప్పాడు: "మావాళ్ళు ఇంక వంకలో దిగరు సార్. కావాలంటే నన్ను ఉద్యోగంలోంచి తీసేయండి."

సదానంద్ హొన్నూరమ్మ వైపు తిరిగాడు. భద్రత బల్ల ఆమెదే. ఊరి పిల్ల అని ఆ పని ఆమెకిచ్చారు.

"మీవాళ్ళే కదా హనీ. నువ్వే వెళ్ళి చెప్పు. లేదా మీ నాన్నను తీసుకురా. ఒక టీ ఇచ్చి మాట్లాడదాం."

కాళ్ళ ముందు పడిన రాయి ఆమెకు కళ్ళల్లో మెదిలింది. తన తండ్రి తననే మంద దగ్గరికి రానివ్వడం లేదని ఇంతమంది ముందు చెప్పడానికి నోరు రాలేదు.

"మనుషులు తిరగక్కర్లేదు సార్," అంది. "సైరన్ చాలు. వాళ్ళకు బాగా తెలుసు. వినగానే వాళ్ళే పైకి వచ్చేస్తారు."

"ఖాయమేనా?"

"ఖాయం సార్."

ఆ మాటతో అది నిబంధన అయిపోయింది.

*

ప్రయోగం శుక్రవారమని ఊళ్ళో దండోరా వేయించారు. సముద్రం మీద మబ్బు లేస్తోందని కబురొచ్చి, రెండు రోజుల ముందే, బుధవారానికి జరిపారు. దండోరా మళ్ళీ వేయించే తీరిక ఎవరికీ లేకపోయింది. సైరన్ ఉందిగా.

ఈసారి డొల్ల మునుపటి వాటికన్నా పెద్దది, వేగం కూడా ఎక్కువ. లోపల ఉన్నది వాన జాడ చెప్పే ఉపగ్రహం. ఏ పల్లెకు ఏ వారం చినుకు పడుతుందో ముందే చెబుతుంది. ఒక కాలేజీ పిల్లలు ఏళ్ళ తరబడి కూర్చుని తయారు చేశారు. వాళ్ళంతా అద్దం అవతల గ్యాలరీలో, ఒకే రంగు చొక్కాలు వేసుకుని, ఒకరి చేతులొకరు పట్టుకుని నిలబడ్డారు.

పొద్దెక్కేసరికి చెయ్యి పూర్తి వేగం అందుకుంది. చప్పుడు లేదు, అరికాళ్ళ కింద సన్నటి వణుకు మాత్రమే. అలవాటు ప్రకారం అందరి ఫోన్లూ బయట పెట్టెలో ఉన్నాయి. సైరన్ మూడు విడతలూ మోగి ఆగింది. వంక పై అంచున తిరిగే గొర్రెలవాళ్ళు కంచె కెమెరాల్లో కనిపించారు. మందలను తోలుకుని, కంట్రోలు గది వైపు చేతులు విదిలించి తిట్టుకుంటూ గుట్ట దాటిపోయారు.

"చూశావా హనీ, నువ్వన్నట్టే," అన్నాడు సదానంద్.

అప్పుడు కేశవరెడ్డి కేక పెట్టాడు: "అదిగో, మళ్ళీ రాళ్ళు! తూర్పు కంచె దగ్గర! ఆడపిల్ల సార్, ఆడపిల్లకు ఎంత పొగరో చూడండి!"

తెర మీద మాళమ్మ. రోజూ ఈ వేళకు తండ్రికి తీసుకెళ్ళే సంకటి ముంత నెత్తిన లేదు, ఎక్కడో పడేసినట్టుంది. పైట నడుముకు బిగించి, తల మీద వడిసెల తిప్పుతోంది.

"కెమెరాకు గురి పెడుతోంది. పట్టుకోండిరా!" కేశవరెడ్డి వైర్‌లెస్‌లో అరిచాడు. ఇద్దరు కాపలావాళ్ళు తెర అంచు నుంచి పరుగెత్తుకొచ్చారు.

కానీ రాయి కెమెరా వైపు రాలేదు.

హొన్నూరమ్మ తెర దగ్గరికి వంగింది. మాళమ్మ వీపు కెమెరా వైపుంది. వడిసెల వేగంగా తిరగడం లేదు. ఒక్క చుట్టు, నిదానంగా, మణికట్టు కిందికి దించి వదలడం. మళ్ళీ వంగి రాయేరడం, మళ్ళీ ఒక్క చుట్టు. దెబ్బ కొట్టేవాళ్ళు అలా తిప్పరు. అది మళ్ళేసే రాయి. రాళ్ళు పోతున్నది కిందికి, నక్కలవంకలోకి.

తప్పిపోయిన గొర్రెను మళ్ళేస్తోందా? గొర్రె కోసం ఇంత తెగింపా?

కాపలావాళ్ళు ఆమె రెండు చేతులూ విరిచి పట్టుకున్నారు. మాళమ్మ ఒకడి ముంజేయి కొరికింది. నోరు తెరిచి ఏదో అరుస్తోంది. తెరలో చప్పుడు లేదు. మొత్తం ఒళ్ళంతా వంక వైపే లాగుతోంది.

వంకలో మనిషి ఉన్నాడు. అడుగున ఉన్నాడు గనుక కెమెరాకు కనిపించడు. సరే, మనిషే ఉంటే మాళమ్మ కేకెయ్యొచ్చు కదా. ఈ గట్టున గుసగుసలాడితే ఆ గట్టున వినపడే వంక అది. నోరుండగా రాయెందుకు?

రాయెందుకంటే, ఆ మనిషికి కేక వినపడదు గనుక.

నాలుక ఊడిన గంట. కుక్క రాసుకుంటే గానీ తిరగని తల. గాదిలింగ వేళాకోళానికి బదులు చెప్పకుండా ఆకాశం చూసిన ముఖం. "నాయనా" అని పిలిస్తే పలకకపోవడం. కోపమనుకుంది. అంతా కోపమేననుకుంది.

"సార్, ఆపండి! వంకలో మా నాయన ఉన్నాడు. ఆయనకు వినపడదు."

సదానంద్ తెర చూశాడు. "ఎక్కడ? ఎవరూ లేరే."

"అడుగు కెమెరాకు అందదు సార్. మా చెల్లెలు ఆయన్నే పిలుస్తోంది. రాళ్ళతో పిలుస్తోంది."

"రాళ్ళతో పిలుస్తోందా!" కేశవరెడ్డి నవ్వాడు. "మావాడి నుదుటి మీద కూడా అలాగే పిలిచారమ్మా."

సదానంద్ నవ్వలేదు. ఆయన గొంతు చల్లగా ఉంది. "మొన్న ఈ గదిలోనే అడిగాను. సైరన్ చాలు, ఖాయం అన్నావు. ఇవాళ మీ నాన్నకు చెవుడొచ్చిందా? ఊరంతా కలిసి ఆడే నాటకంలో నువ్వూ వేషం కట్టావా?"

"నాకు తెలియక చెప్పాను సార్. ఆ చెవులు పోయింది మన చప్పుడుకే. వేగం తగ్గించండి."

"ఇప్పుడు తగ్గిస్తే నార తెగుతుంది, నీకు తెలుసు. అది ఇప్పటికే సాగుతోంది. వదలాలి. పైకైనా, గుంతలోకైనా."

గుంత అంటే రెండో ఇసుకగుంత. ఏదైనా ఆపద వస్తే డొల్లను పైకి పంపకుండా కొండలోనే కూల్చడానికి కట్టారు. ఇంత వేగం దగ్గర ఎవరూ దాన్ని వాడి చూడలేదు. వాడితే డొల్ల ముక్కలవుతుంది, యంత్రం ఇరుసుతో సహా పోవచ్చు. దాని పసుపుపచ్చ పిడి భద్రత బల్ల మీద, హొన్నూరమ్మ చేతికందే దూరంలో ఉంది.

"హనీ," అంటూ సదానంద్ లేచాడు. "పన్నెండేళ్ళ పని అది. పైన కూర్చున్నవాళ్ళు మళ్ళీ ఒక్క రూపాయి ఇవ్వరు. ఆ పిల్లల ముఖాలు చూడు. ఒక రాయిని నమ్మి ఆ పిడి ముట్టుకోకు."

ఆమె చూసింది. అద్దం అవతల ఒక అమ్మాయి, తనకన్నా చిన్నది, రెండు చేతులూ జోడించి నిలబడి ఉంది. ఎందుకు ఆలస్యమవుతోందో ఆ పిల్లకు తెలియదు.

తెర మీద మాళమ్మను ఈడ్చుకుపోతున్నారు. ఆమె పాదాలు మట్టిలో చాళ్ళు గీస్తున్నాయి.

హొన్నూరమ్మ పిడి పట్టుకుంది. ఆ క్షణాన ఆమె గొంతులోంచి, ఆమెకే తెలియకుండా, ఒక కేక వచ్చింది. చిన్నప్పుడు జొన్నచేల మంచె మీద నిలబడి పిట్టల్ని తోలేముందు వేసిన కేక: "హో... యీ!" గదిలో అందరూ ఉలిక్కిపడి వెనక్కి తగ్గారు. ఎవరూ తిరిగి కేక వేయలేదు.

తిరుగు కేక రాలేదు గనుక, ఆమె పైకి వదల్లేదు. పిడిని కిందికి లాగింది.

కొండ ఒక్క ఎగురు ఎగిరింది. దీపాలు పోయాయి. పై నుంచి సున్నం పెచ్చులు రాలాయి. కొండ కడుపులో ఏదో విరుగుతూ, చీలుతూ, మళ్ళీ మళ్ళీ గోడలకు కొట్టుకుంటూ, చివరికి ఒక పెద్ద మూలుగుతో ఆగింది. అరికాళ్ళ కింద వణుకు ఆగిపోయింది. గంటల తరబడి అలవాటైన వణుకు లేకపోయేసరికి, పడవ దిగినట్టు అందరికీ కాళ్ళు తడబడ్డాయి.

సదానంద్ కింద కూర్చుండిపోయాడు. ఆయన తిట్టి ఉంటే బాగుండేది.

"అక్కడ ఎవరూ లేరు," అన్నాడు, దుమ్ము పడిన తెర వైపు చూస్తూ. "చూడు, ఎవరూ లేరు. ఉత్త పుణ్యానికి..."

చాలాసేపటికి కాపలావాడొకడు వంక నుంచి తిరిగొచ్చాడు. పెదవి చిట్లి రక్తం కారుతోంది.

"ఉన్నాడు సార్. ముసలాయన. వంక అడుగున కూర్చుని గొర్రెకు కాన్పు చేస్తున్నాడు. మమ్మల్ని చూసి, కొట్టడానికి వచ్చామనుకుని రాయి విసిరాడు."

కేశవరెడ్డి టోపీ తీసి, దుమ్ము దులిపి, మళ్ళీ పెట్టుకున్నాడు. అద్దం అవతలి అమ్మాయి హొన్నూరమ్మ వైపు చూస్తూనే ఉంది. ఆ చూపులో ఉన్నది ఉత్త పగ. హొన్నూరమ్మ తల దించుకోలేదు.

బయట పెట్టెలోంచి ఫోను తీసుకుంటే, దాని నిండా చెల్లెలి పేరే.

*

సదానంద్ ఆమెను ఉద్యోగంలోంచి తీసేస్తూ ఒకే ఒక మాట రాశాడు: తప్పుడు హామీ. అది అబద్ధం కాదు గనుక ఆమె వాదించలేదు. అద్దాల బీరువాలోంచి తన వడిసెల అడిగి తీసుకుంది. జీపు ఇవ్వలేదు. రోడ్డు మలుపు దాకా బస్సులో వచ్చి, అక్కడి నుంచి నడిచింది.

ఊరి మొదట్లో గాదిలింగ ఎదురయ్యాడు.

"ఏమ్మా, పెద్ద వడిసెల తాడు తెగిందంట?"

"తెంపింది నేనే చిన్నాయనా."

"ఆహా!" గాదిలింగ చేతికర్రతో నేలను పొడిచాడు. "మెచ్చుకుంటామనుకుంటివా? రెండేండ్లు ముందే తెంపింటే మా ఇంటిదానికి చెవులు మిగిలుండు. ఇప్పుడు సంకటి పెట్టమని అడగల్లంటే చెయ్యి ఊపల్ల." దారి ఇవ్వకుండా కొంతసేపు నిలబడి, తర్వాత పక్కకు జరిగాడు.

గుట్ట కింద మాళమ్మ కూర్చుని ఉంది. రెండు ముంజేతుల మీదా నల్లగా కమిలిన వేళ్ళ గుర్తులు. అక్కను చూసి లేవలేదు.

"ఎప్పట్నుంచి?" అంది హొన్నూరమ్మ.

"రెండో దెబ్బకే కుడి చెవి పాయె. ఆ పైన రెండోదీ పాయె."

"నాకెందుకు చెప్పలేదు?"

"నీకా? నీకు చెప్తే మీ సార్లకు చెప్తావు. ఊరికి తెలిస్తే ఇంకేముంది? మందలో సగం గొర్రెలు ఊరోళ్ళవి. చెవిటోని చేతికి గొర్రెల్ని ఎవురిస్తారే? నక్క వచ్చినా ఇనపడదు, పిల్ల అరిచినా ఇనపడదు. నాయన నాతో ఒట్టేయించుకున్న్యాడు. గంట నాలుక ఊడినప్పుడు నేనే సూసుకోలేదు. నువ్వొచ్చి సూస్తివి." మాళమ్మ గులకరాయొకటి ఏరి దూరంగా విసిరింది. "సూసి కూడా నీకు తెలియలేదు. నీ సదువంతా యాడికి పాయె?"

హొన్నూరమ్మ చెల్లెలి ముంజేయి పట్టుకోబోతే, మాళమ్మ దాన్ని వెనక్కి లాక్కుంది.

"ఇప్పుడు ఊరికంతా తెలిసింది. గొర్రెలు తోలుకపోతాండారు. మిగిలినవి మావే."

పైన మంద గోడ మీద ఎర్రిస్వామి నిలబడి ఉన్నాడు. మంద నిజంగానే సగమైంది. చంకలో తెల్లటి పిల్లొకటి, వంకలో పుట్టింది కాబోలు, ఆయన చొక్కా అంచు చీకుతోంది.

హొన్నూరమ్మ ఈసారి పిలవలేదు. పిలిచి ఏం లాభం? నిదానంగా గుట్ట ఎక్కింది. ముందటి రాయి ఇంకా అక్కడే ఉంది, ఎర్రమట్టిలో తెల్లగా. దాన్ని దాటి ఒక అడుగు వేసి ఆగింది.

కుక్క మొరిగింది. ఎర్రిస్వామి తిరిగి చూశాడు. చూసి, పిల్లను కింద దించాడు. భుజం మీది వడిసెల తీశాడు. వంగి రాయి ఏరుకున్నాడు.

ఆమె కదల్లేదు. చూపు తన బూట్ల ముందున్న మట్టి మీదే నిలిపింది. రాయి అక్కడ పడుతుంది. పడితే తిరిగి వెళ్ళిపోవాలి. మూడోసారి రాకూడదు.

ఒక్క చుట్టు. తాడు గాలిని కోసిన చప్పుడు. రాయి ఆమె నెత్తి మీదుగా, వెంట్రుకలు కదిలేంత దగ్గరగా దూసుకెళ్ళింది.

మడమల వెనకాల ధబ్బున పడింది. అంత దగ్గరగా వేయక్కర్లేదు. గులకలు ఎగిరి పిక్కలకు సూదుల్లా తగిలాయి.

ఆయన ముఖంలో మెత్తదనమేమీ లేదు. అప్పుడే వంగి రెండో రాయి వెతుక్కుంటున్నాడు.

"నిలబడతావేమే!" కింద నుంచి మాళమ్మ అరిచింది. "తోలే రాయి కూడా మర్సిపోయినావా? ఉరుకు! రెండోది కాలికే తగుల్తాది!"

హొన్నూరమ్మ ఉరికింది.